గుంత తవ్వక ముందే కాగితం పెట్టండి

పోయిన నెల ఈ శీర్షికలో అద్దె ఇళ్ల అడ్వాన్సుల గురించి రాశాను. ఆ ఉత్తరాలు ఇంకా వస్తూనే ఉన్నాయి గానీ ఈసారి వాటిని పక్కన పెట్టేశాను. బంగారుపాళెం, రేణిగుంట, చంద్రగిరి, తిరుపతి టౌను, అన్ని వైపుల నుంచీ ఒకే గొడవ: కరెంటు లైను. మా తోపులోంచే ఎందుకు, మా మిద్దె పక్కనే ఎందుకు, కోర్టుకు పోతే ఆగుతుందా. ఐదు ఉత్తరాలు తీసుకున్నాను. నేను చిత్తూరు, తిరుపతి కోర్టుల్లో ఇరవై ఆరేళ్లుగా తిరుగుతున్నా, ఈ విషయం నాకు తలకెక్కింది కోర్టులో కాదు, మా నాయన మామిడి తోపులో. ఆ సంగతి మధ్యలో వస్తుంది.

ప్రశ్న: మేడమ్, మాకు నాలుగెకరాల మామిడి తోపు ఉంది, ఎక్కువ తోతాపురి. రెండు వారాల కింద ఎవరో వచ్చి తోపు మధ్యలో సున్నంతో గీతలు గీసి, మేకులు కొట్టి పోయారు. 220 కేవీ (కిలోవోల్టుల) లైనంట, టవరొకటి మా దాంట్లోనే పడుతుందంట. నోటీసు లేదు, ఒక మాట అడిగింది లేదు. పక్కనే ప్రభుత్వ బంజరు ఉంది, అటు పోవచ్చు కదా. సివిల్ కోర్టులో స్టే తెస్తే పని ఆగిపోతుందని మా ఊరి పెద్దమనిషి అంటున్నాడు. నిజమేనా? మా భూమి పోయినట్టేనా?
— ఒక రైతు, బంగారుపాళెం మండలం

జవాబు: అన్నా, చివరి ప్రశ్నకు ముందు చెబుతాను. భూమి పోదు. టవరు కాళ్ల మధ్య మన్ను కూడా మీ పేరునే ఉంటుంది, పాసు పుస్తకంలో ఒక్క సెంటు తగ్గదు. లైను వేసేవాళ్లకు దక్కేది వాడుకునే హక్కు మాత్రమే. కానీ ఆ తీగల కింద ఇక మామిడి పెట్టలేరు, ఇల్లు కట్టలేరు, అమ్మబోతే కొనేవాడు ముందు తలెత్తి పైకి చూస్తాడు. పేరు మీది, పెత్తనం సగం వాళ్లది.

అడక్కుండా ఎలా వస్తారంటే, చట్టమే వాళ్లకు ఆ దారి ఇచ్చింది. 1885 నాటి టెలిగ్రాఫ్ చట్టం పదో సెక్షన్, ఎవరి స్థలంలోనైనా స్తంభం పాతి తీగ లాగొచ్చంది. తంతి తీగల కోసం రాసిన మాట అది. 2003 విద్యుత్ చట్టం సెక్షన్ 164 వచ్చి, అదే అధికారాన్ని కరెంటు లైన్లు వేసేవాళ్లకు ప్రభుత్వం రాతపూర్వకంగా ఇవ్వొచ్చంది. అలా ఇచ్చాక భూమి యజమాని అనుమతి ముందుగా తీసుకోనక్కర్లేదని 2016 డిసెంబరులో సుప్రీంకోర్టు తేల్చేసింది. కరెంటు లైన్లు వేసే కేంద్ర ప్రభుత్వ సంస్థ పవర్‌గ్రిడ్‌కూ సెంచురీ టెక్స్‌టైల్స్‌కూ నడిచిన కేసు అది. అంటే అక్కడ ఓడింది నాలుగెకరాల రైతు కాదు, సున్నపురాయి గనులున్న పెద్ద కంపెనీ. ‘ఆ టెలిగ్రాఫ్ చట్టం రద్దయింది కదా’ అని ఈ మధ్య ఒక జూనియర్ నాతో వాదించాడు. 2023 టెలికాం చట్టం దాన్ని రద్దు చేసిన మాట నిజమే. కానీ కరెంటు లైన్ల వరకు పాత చట్టంలోని మూడో భాగాన్ని అలాగే ఉంచారు. మనకు కావలసిన సెక్షన్లన్నీ ఆ భాగంలోనివే.

ఇక స్టే. మీ పెద్దమనిషి చెప్పింది పాత రోజుల మాట. 2018లో స్పెసిఫిక్ రిలీఫ్ చట్టాన్ని సవరించి, మౌలిక వసతుల ప్రాజెక్టు పనికి అడ్డమో ఆలస్యమో అయ్యేటట్టుంటే ఇంజంక్షన్, అంటే పని ఆపే ఉత్తర్వు, ఇవ్వకూడదని రాశారు. ఆ ప్రాజెక్టుల జాబితాలో కరెంటు సరఫరా లైన్లు ఉన్నాయి. సివిల్ కోర్టులో దావా వేస్తే ఫీజు కట్టడం వరకే మీ చేతిలో పని. అమరావతిలో హైకోర్టుకు రిట్, అంటే అధికారుల చర్య మీద నేరుగా పెట్టే పిటిషన్, వేయొచ్చు. అయితే అక్కడ జడ్జిగారు ఈ దారి మంచిదా, బంజరు దారి మంచిదా అని కూర్చుని తేల్చరు, అది ఇంజనీర్ల పని అంటారు. వాళ్లు చూసేది పద్ధతి: సెక్షన్ 164 కింద ఉత్తర్వు ఉందా, ఆమోదించిన మ్యాపులో ఉన్న సర్వే నంబర్లు ఒకటై, పని జరుగుతున్న నంబర్లు ఇంకోటా, ఎవరి భూమినో తప్పించడానికి లైను మీ వైపు వంచారా. ఇలాంటిది చేతిలో ఉంటే రిట్ వేయండి. లేకుంటే ఆ డబ్బు దాచుకోండి.

మీకు నిజంగా పనికొచ్చే గుమ్మం కలెక్టర్ ఆఫీసు. మీరు అభ్యంతరం చెప్పి అడ్డుపడితే, టెలిగ్రాఫ్ చట్టం పదహారో సెక్షన్ కింద వాళ్లు జిల్లా మెజిస్ట్రేటు దగ్గరకు, అంటే కలెక్టర్ దగ్గరకు పోయి ఉత్తర్వు తెచ్చుకోవాలి. మీ మాట వినేది అక్కడ. కాబట్టి వాళ్లు పోయేదాకా ఆగకుండా ముందే మీ అర్జీ అక్కడ ఉండాలి. అందులో ‘లైను మాకొద్దు’ అని రాస్తే చదివి పక్కన పెడతారు. లైన్లో మలుపు తిప్పాలంటే ఆ మూల టవరు బరువైనది వేయాలి, ఖర్చు పెరుగుతుంది, అందుకే ‘బంజరు వైపు తిప్పండి’ అంటే ముఖం చిట్లిస్తారు. కానీ 220 కేవీ లైన్లో టవరుకూ టవరుకూ మధ్య మూడొందల యాభై మీటర్ల దాకా ఉంటుంది. తిన్నగా పోయే దారిలోనే టవరును ఇరవై ముప్ఫై మీటర్లు ముందుకో వెనక్కో జరపడం వాళ్లకు అంత కష్టం కాదు. తోపు మధ్యలో పడే టవరు మీ గట్టు మీదికి పోతే మీకు ఎంత తేడానో మీకే తెలుసు. ఎఫ్‌ఎంబీ స్కెచ్ (మీ సర్వే నంబరు కొలతల పటం) మీద ఆ చోటు ఎర్ర పెన్నుతో గుర్తు పెట్టి జత చేయండి. కాంక్రీటు పడిందంటే ఆ మాట అడిగే వీలు పోతుంది. మేకులు కొట్టి రెండు వారాలు అంటున్నారు, ఈ సోమవారమే కలెక్టర్ ఆఫీసులో అర్జీలు తీసుకునే గ్రీవెన్సుకు పోండి. అర్జీకి రసీదు తీసుకోకుండా బయటికి రావద్దు.

సమాచార హక్కు కింద ఇంకో దరఖాస్తు: సెక్షన్ 164 ఉత్తర్వు కాపీ, ఆమోదించిన రూటు మ్యాపు, సర్వే నంబర్ల వారీ టవర్ల పట్టిక, పరిహారం ఏ ఉత్తర్వు ప్రకారం లెక్కిస్తున్నారో ఆ కాపీ. జిల్లా ఆఫీసులో పది రూపాయల ఫీజు, జవాబుకు ముప్ఫై రోజులు.

చివరి కాపీ ఎందుకో లెక్క వేసి చూపిస్తాను. 220 కేవీ లైనుకు 35 మీటర్ల వెడల్పు కారిడార్, అంటే తీగల కిందా పక్కలా లైను కోసం వదలాల్సిన పట్టీ, లెక్కిస్తారు. మీ తోపులో అది 120 మీటర్ల పొడవున పోతుందనుకుందాం. 4,200 చదరపు మీటర్లు, మన లెక్కలో 104 సెంట్లు. ఎకరా 20 లక్షలు అనుకోండి, సెంటు 20 వేలు. కేంద్ర విద్యుత్ శాఖ 2015 అక్టోబరులో ఇచ్చిన మార్గదర్శకాల్లో కారిడార్‌కు భూమి విలువలో 15 శాతం మించకుండా, టవరు కాళ్ల మధ్య స్థలానికి 85 శాతం. అంటే కారిడార్‌కు మూడు లక్షల పన్నెండు వేలకు మించదు. 2024 జూన్‌లో వచ్చిన కొత్త వాటిలో కారిడార్‌కు 30 శాతం, టవరు స్థలానికి 200 శాతం, ఆ స్థలాన్ని కూడా నాలుగు వైపులా ఒక మీటరు పెంచి కొలవాలి. అదే కారిడార్‌కు ఆరు లక్షల ఇరవై నాలుగు వేలు. చెట్లకూ పంటకూ ఇచ్చేది వేరే. ఈ కొత్తది రాష్ట్రాల మధ్య నడిచే లైన్ల కోసం ఇచ్చింది, రాష్ట్రం లోపలి లైన్లకు రాష్ట్ర ప్రభుత్వ ఉత్తర్వు చూడాలి. మీది ఏ రకం లైనో, ఏ ఉత్తర్వో తెలియకుండా బేరానికి కూర్చుంటే వాళ్లు చెప్పిందే రేటు. అందుకే ఆ కాపీ.

ఇప్పుడు మా నాయన సంగతి. 2006 ఎండాకాలం. పాకాల పక్కన మా తోపులోంచి 132 కేవీ లైను పోయింది. బేనిషా కాయ ఇంకో మూడు వారాల్లో కోతకొచ్చేది. రంపపు మిషన్లు తెచ్చి ఒక్క పూటలో కొట్టేశారు. సాయంత్రం కాంట్రాక్టరు మనిషి ఒక కాగితం తెచ్చి, ‘చెక్కు రావాలంటే సంతకం పెట్టాలి పెద్దాయనా’ అన్నాడంట. నాయన పెట్టేశాడు. పక్క ఊళ్లో కోర్టు లాయరు కూతురుండి, ఒక ఫోను కూడా చేయలేదు. ఆ మాట నేను అడిగితే, ‘నువ్వు కోర్టులో ఉంటావని’ అన్నాడు.

నేను వెళ్లేసరికి మా అమ్మ కొంగు ముడి విప్పి నా ముందు పోసింది. చింతగింజలు. కొట్టిన ప్రతి మొద్దు దగ్గరా ఒక గింజ ముడేసుకుంటూ తోపంతా తిరిగిందామె. ఇరవై మూడు. నాయన సంతకం పెట్టిన పంచనామాలో పద్నాలుగు చెట్లు, మిగతావి ‘మొక్కలు’. ఆ మొక్కల్లో ఒకదాని మొద్దు మీద నేను కూర్చున్నాను, రెండు కాళ్లూ పైన పెట్టుకుని. కాగితం కింద ‘పూర్తి తృప్తితో స్వీకరించితిని’ అని ముందే అచ్చేసి ఉంది.

అప్పుడు దొరికింది నాకు పదహారో సెక్షన్లో మూడో ఉపవిభాగం. పరిహారం చాలలేదంటే జిల్లా జడ్జికి దరఖాస్తు పెట్టుకోవచ్చు. మొద్దులు ఎండకముందే తోటల శాఖ అధికారిని తీసుకొచ్చి చుట్టుకొలతలు, చెట్ల వయసు రాయించాను. చిత్తూరు జిల్లా కోర్టులో దరఖాస్తు వేశాం. ‘తృప్తితో’ అన్న ముక్కను పట్టుకుని అవతలి లాయరు చాలాసేపు మాట్లాడారు. నాలుగేళ్లు పట్టింది. ఇరవై మూడు చెట్లకూ డబ్బు వచ్చింది. భూమి విలువ తగ్గినందుకు అడిగిందాంట్లో కొంతే వచ్చింది. దాని మీద 2007లో సుప్రీంకోర్టు కేరళ విద్యుత్ బోర్డు, లివిషా కేసులో చెప్పిన మాట నాకు బాగా అక్కరకొచ్చింది: భూమి ఎక్కడుంది, లైను ఎంత పొడవున పోతోంది, ఓ మూలగా పోతోందా, నడిమధ్యలోంచి పోయి భూమిని పనికిరాకుండా చేస్తోందా, ఇవన్నీ చూసి లెక్కించాలని. అందుకే ఇందాక టవరు ఎక్కడ పడుతుందో అంతగా పట్టుకోమన్నాను.

గడువు మూడేళ్లు. కేరళలోనే చెట్లు కొట్టిన కేసొకటి సుప్రీంకోర్టు దాకా పోతే, 1976లో అక్కడ ఖాయమైన గడువది. చెక్కు ఇస్తే వద్దనకండి. సంతకం పక్కనే ‘అభ్యంతరంతో తీసుకుంటున్నాను’ అని మీ చేత్తో రాయండి, ఆ కాగితం ఫోటో తీసి పెట్టుకోండి. చెట్లు మాత్రం ఈ వారమే లెక్క పెట్టించండి, నిలబడి ఉండగానే.

ప్రశ్న: అక్కా, మాది తిరుపతిలో ఒక ఇరుకు వీధి, రెండంతస్తుల ఇల్లు. వీధిలో కొత్తగా స్తంభాలు వేసి 33 కేవీ లైను లాగబోతున్నారు. మా మిద్దె పిట్టగోడ నుంచి చేతికందేటట్టుంది. పిల్లలు పైనే ఆడుకుంటారు, నాకు ఒకటే టెన్షన్. అడిగితే ‘మీరే సెట్‌బ్యాక్ వదలకుండా కట్టారు’ అంటున్నారు. మూడడుగులు ముందుకు కట్టింది నిజమే.
— ఒక గృహిణి

జవాబు: ఒప్పుకున్నారు, అది మంచిదైంది. చాలామంది ఆ ముక్క నా దగ్గర కూడా దాస్తారు, చివరికి అవతలి లాయరు ప్లాను కాపీ తీసి చూపిస్తే అప్పుడు తెలుస్తుంది నాకు.

స్తంభం వీధిలో ఉంది, మీ స్థలంలో కాదు. కాబట్టి మీ అనుమతి అడగలేదన్న వాదన ఇక్కడ నిలవదు. మీకున్న బలం దూరం. భద్రతా నియమాల ప్రకారం 33 కేవీ తీగ ఇంటికి పక్కగా కనీసం 2 మీటర్ల అవతల ఉండాలి, పైనుంచి పోతే మిద్దెకు 3.7 మీటర్ల ఎత్తున. 11 కేవీ అయితే పక్కగా 1.2 మీటర్లు. ఆ రెండు మీటర్లు గాలికి తీగ ఊగి మీ వైపు వచ్చినప్పుడు కూడా ఉండాలి. మీరు మూడడుగులు ముందుకు కట్టారు కాబట్టి ఈ దూరం మీకు వర్తించదని ఏ నియమంలోనూ లేదు. ఇల్లు ముందు, లైను వెనక. అయితే మీరు హైకోర్టుకు పోతే మీ ప్లాను బయట పడుతుంది, దాంతోపాటు మునిసిపల్ నోటీసు కూడా రావచ్చు. ఆ లెక్క కూడా వేసుకోండి.

కొలవడం ఇప్పుడే, తీగ లాగక ముందే. స్తంభం మీది అడ్డ ఇనుము కొస నుంచి నేల మీదికి ఎక్కడ పడుతుందో గుర్తు పెట్టి, మీ పిట్టగోడ అంచు నుంచి రాయి కట్టిన దారం వదిలి, రెండింటి మధ్యా నేల మీద కొలవండి. కరెంటు ఎక్కాక మిద్దె మీంచి ఇనప టేపు చాపకండి, నేను అతిగా చెప్పడం లేదు. ఆ కొలతతో, ఫోటోలతో డివిజనల్ ఇంజనీరుకు ఒకటి, ఎలక్ట్రికల్ ఇన్‌స్పెక్టర్‌కు ఒకటి అర్జీ పెట్టండి. లైను ఆపమని అడగొద్దు. ఆ రెండు మూడు స్తంభాల దగ్గర అడ్డ ఇనుమును వీధి అవతలి వైపు పొడిగించి వేయమనండి, లేదా అంతమేర తొడుగున్న కేబుల్ వేయమనండి. ఇలా అడిగినవాళ్లకు పని జరగడం చూశాను.

ప్రశ్న: రేణిగుంట దగ్గర లేఅవుట్లో అరవై అంకణాల సైటుకు అడ్వాన్సు ఇచ్చాను. ఫోన్లో వీడియో చూసి ఇచ్చాను, నేను బెంగళూరులో ఉద్యోగం. మొన్న వచ్చి చూస్తే సైటు మూల మీదుగా 132 కేవీ తీగలు. లైను మార్పించుకోవచ్చని మధ్యవర్తి అంటున్నాడు. నిజంగా వీలవుతుందా?
— ఒక పాఠకుడు

జవాబు: మార్పించుకునే సెక్షన్ ఉంది, అదే టెలిగ్రాఫ్ చట్టంలో పదిహేడోది. యజమాని తన స్థలంలో ఏదైనా కట్టుకోవాలంటే, లైనును ‘ఆ స్థలంలోనే ఇంకో చోటికి’ జరపమనో, ఎత్తు పెంచమనో అడగొచ్చు. పదెకరాల ఆసామికి అది పనికొస్తుంది. మీ అరవై అంకణాల్లో ఇంకో చోటెక్కడుంది? 132 కేవీకి కారిడారే 27 మీటర్లు. మీ మధ్యవర్తి ఆ సెక్షన్ చదవలేదు.

రిజిస్ట్రేషన్ కాలేదు కదా, వదిలేయండి. లేఅవుట్ ప్లాను కాపీ అడగండి, లైను కింద ఖాళీగా వదలాల్సిన జాగాను సైట్లుగా కోసి ఉంటే, అడ్వాన్సు వెనక్కి అడగడానికి అంతకంటే గట్టి ఆధారం అక్కర్లేదు. ‘నాకు చెప్పకుండా దాచారు’ అని మాత్రం నోటీసులో మొదటి వాక్యంగా రాయించకండి. తలెత్తితే కనబడేదాన్ని దాచారనడం కోర్టులో కష్టం. వీడియో మీ దగ్గరుందా? అందులో పైభాగం కనబడకుండా తీసి ఉంటే అది వేరే కథ, దాన్ని జాగ్రత్త చేయండి.

ప్రశ్న: మా ఇంటికి అరవై మీటర్ల దూరంలో 400 కేవీ లైను వస్తోంది. దానివల్ల క్యాన్సర్ వస్తుందని కేసు వేయొచ్చా? మా కోడలు గర్భిణి.
— ఒక అమ్మ, చిత్తూరు

జవాబు: అమ్మా, కోడలికి ధైర్యం చెప్పండి. 400 కేవీ లైను కారిడారే 46 మీటర్లు, అంటే మధ్య గీత నుంచి ఇరువైపులా 23. మీరు దానికి చాలా బయట ఉన్నారు, తీగల చుట్టూ ఉండే అయస్కాంత క్షేత్రం దూరం పెరిగేకొద్దీ త్వరగా తగ్గిపోతుంది. ఇలాంటి క్షేత్రాల నుంచి రక్షణ చూసే అంతర్జాతీయ కమిషన్ ప్రజలకు హద్దుగా 2010లో చెప్పింది 200 మైక్రోటెస్లా (ఆ క్షేత్రాన్ని కొలిచే లెక్క). 2002లో ప్రపంచ ఆరోగ్య సంస్థ క్యాన్సర్ విభాగం ఈ క్షేత్రాలను ‘బహుశా కారకం కావచ్చు’ అన్న జాబితాలో పెట్టిన మాట నిజమే, అది రుజువైనవాటి జాబితా కాదు. ఈ ఒక్కదాని మీదే కేసు వేస్తే నిలబడదు. నేనైతే వేయను.

ప్రశ్న: మా ఊరి ఆడవాళ్లం పదిహేను మంది టవరు గుంతలో కూర్చున్నాం. పని ఆపి వెళ్లిపోయారు. పోలీసులను తెస్తామంటున్నారు. కేసులు పెడతారా అక్కా? మేం రాసుకున్న కాగితాల ఫోటోలు పంపుతున్నాం.
— చంద్రగిరి వైపు నుంచి

జవాబు: అమ్మా, గుంతలో కూర్చున్నందువల్ల ఒక మేలు జరిగింది, వాళ్లిప్పుడు కలెక్టర్ దగ్గరకు పోక తప్పదు. ఆయన ఉత్తర్వు వచ్చాక మాత్రం లేచి బయటికి రండి. ఉత్తర్వు తర్వాత అడ్డుకుంటే అది నేరమని పదహారో సెక్షనే చెబుతోంది. వెనకటికి ఐపీసీ 188 పెట్టేవాళ్లు, 2024 జూలై ఒకటి నుంచి దాని చోట భారతీయ న్యాయ సంహితలో 223 వచ్చింది. పదిహేను మంది కోర్టు వాయిదాలకు తిరిగితే చేలో పని ఎవరు చేస్తారు?

కలెక్టర్ విచారణకు పిలిస్తే అందరూ పోండి, మాట్లాడేది మాత్రం ఇద్దరే ఉండాలి. ఒకరు రూటు గురించి, ఒకరు డబ్బు గురించి.

మీరు పంపిన ఫోటోల్లో మూడోది చూసి ఆగిపోయాను. ‘నాకు అభ్యంతరం లేదు’ అన్న అచ్చు కాగితం. సర్వే నంబరు గడి ఖాళీ, పరిహారం గడి ఖాళీ, కింద మాత్రం నాలుగు సంతకాలు, రెండు వేలిముద్రలు. అసలు కాగితం ఇంకా మీ దగ్గరే ఉంటే ఎవరికీ ఇవ్వకండి. ఇచ్చేసి ఉంటే, ఖాళీ గడులతో సంతకం పెట్టించుకున్నారని ఆ ఆరుగురూ విడివిడిగా రాసి, ఈ ఫోటో జత చేసి, లైను ఆఫీసుకూ కలెక్టర్‌కూ రేపే స్పీడ్ పోస్టులో పంపండి.